ఎవరూ వాడటం లేదన్న ఫైలు

దసరా ఇంకా వారం ఉందనగా ఒక శనివారం పొద్దున, మా మనుమరాలు మడిగె షట్టరు ఎత్తి, దేవుడి పటానికి ఊదుబత్తి ముట్టించి కంప్యూటరు ముందు కూర్చుంది. నేను వెనక గదిలో జొన్నరొట్టెలు చేస్తున్నాను. ఆ పిల్ల పనిలో కూర్చుంటే మీటల చప్పుడు గదిలోకి ఆగకుండా వస్తుంది. ఆ రోజు రాలేదు. ఎంతసేపటికీ రాలేదు. పెనం దించి వెళ్లి చూస్తే, తెర మీద బూడిద రంగు డబ్బా ఒకటి, అందులో రెండు వరుసల ఇంగ్లీషు. పిల్ల చేతులు ఒళ్లో పెట్టుకుని దాన్నే చూస్తూ ఉంది.

“ఏమైందే?”

“తెలుగు ప్రోగ్రాం తెరుసుకుంటలేదు అమ్మమ్మా. దానికి కావల్సిన ఫైలేదో కనపడ్తలేదంట.”

“కనపడకపోతే ఎతుకు.”

“ఎతికిన. లేదు.”

ఆమె నా బిడ్డ కూతురు. చిన్నప్పుడు వచ్చిన జ్వరంతో ఎడమకాలు సన్నబడింది. మోకాలి మీద చెయ్యి ఆనించి నడుస్తుంది. సూర్యాపేటలో డి.టి.పి. నేర్చుకుని వచ్చాక, నా కొడుకు కోదాడలో కట్టించిన రెండు మడిగెల్లో ఒకదాన్ని మేనకోడలికి ఇచ్చాడు. ముందు కంప్యూటరు, వెనక గదిలో మేమిద్దరం. మేము గొర్లు కాసుకునే వాళ్లం. కొడుకు మందతో చిలుకూరులోనే ఉంటాడు. కిరాయి ఆశ ఉన్న మనిషి. పురుగుమందుల దుకాణం పెట్టుకుంటానని ఒకాయన ఆ మడిగె కోసం ఎప్పటి నుంచో తిరుగుతున్నాడు. “దసరా దాక సూస్త. పిల్లకు నిలకడైన పని దొరికితె ఉండనీ. లేకుంటే ఆయనకు తాళం ఇస్త” అని కొడుకు మా ఇద్దరి ముందే చెప్పాడు. అందులో దాపరికం లేదు, కోపమూ లేదు. అందుకే నాకు భయం. కోపంలో అన్న మాట అయితే చల్లారేది.

నిలకడైన పని దొరికింది కూడా. ఊళ్లో ఒక ప్రైవేటు బడి ఉంది. అంతకు ముందటి ఏడు వాళ్ల పరీక్ష పేపర్లు ముందే బయటపడి, తల్లిదండ్రులు గేటు దగ్గర గొడవ చేశారట. ఆ బడి పెద్దసారు ఈసారి రద్దీ లేని చోటు చూసుకుంటూ మా మడిగెకు వచ్చాడు. పిల్ల ఒంటరిగా పని చేస్తుంది, పనివాళ్లెవరూ లేరు, వెనక కాపలాకు ముసలిదాన్ని నేనున్నాను. అది ఆయనకు నచ్చింది. అర్ధ సంవత్సరం పరీక్షల పేపర్లన్నీ ఇచ్చి, సక్రమంగా చేస్తే ఏడాది పొడుగునా బడి పనంతా నీదేనమ్మా అన్నాడు. షరతులు రెండే. పేపరు మూడో మనిషి కంట పడకూడదు. కంప్యూటరు గడప దాటకూడదు. టీచర్లు చేత్తో రాసిచ్చిన కాగితాలను, తప్పులు దిద్దడం అయిపోగానే ఆయనే వచ్చి మా ముందే చింపి, ఆ ముక్కలు కూడా సంచిలో వేసుకుని పోయాడు. అంటే ప్రశ్నలన్నీ ఇప్పుడు ఉన్నది ఆ కంప్యూటరు కడుపులో మాత్రమే. అచ్చు తీసి సోమవారం పొద్దున ఆయన చేతిలో పెట్టాలి.

ముందు రోజు శుక్రవారం నా కొడుకు కోదాడ అంగడికి గొర్రెలు తోలుకొచ్చాడు. మేము పిండి ఆడించడానికి పోయి వచ్చేసరికి కంప్యూటరు ముందు కూర్చుని ఉన్నాడు. ఇంటరు దాకా చదివాడు, మీటలు నొక్కడం తెలుసు. మమ్మల్ని చూసి లేచి, అన్నం తిని పోయాడు. మేము ఏమీ అడగలేదు. శనివారం తెర మీద ఆ బూడిద డబ్బా వచ్చాక పిల్లకు అది గుర్తుకొచ్చి, పక్క దుకాణంలో ఉన్న రూపాయి ఫోనులో మాట్లాడింది. నేనూ పక్కన చెవి ఆనించి విన్నాను.

“మామా, నిన్న నువ్వు కంప్యూటరుల ఏం జేసినవ్?”

“ఏం జెయ్యలే. జాగ లేదు, జాగ లేదని ఒకటే మొత్తుకుంటున్నది. ఆ మిల్లోళ్ల పాత లెక్కల ప్రోగ్రాం తీసేసిన. నువ్వేమన్న వడ్లు ఆడిస్తున్నవా అది ఉంచుకోనీకి?”

“తీసేటప్పుడు ఏమన్న అడిగిందా?”

“అడిగింది. ఈ ఫైలు అందరిదట గాని, ఎవ్వరు వాడ్తున్నట్టు లేదు, తీసెయ్యాల్నా అన్నది. తీసెయ్ అన్న. ఇంకోటి అడిగింది, మల్ల ఇంకోటి అడిగింది. ఇసుగొచ్చి అన్నిటికి తీసెయ్ అని ఒక్కటే నొక్కు నొక్కిన. జాగ మస్తు అయింది సూస్కో.”

పిల్ల ఫోను పెట్టేసింది.

మా ఇళ్లల్లో వానలు తగ్గి దసరా వచ్చే ముందు మందను ఏరుతారు. ఈనని గొర్రె, పళ్లు రాలిన గొర్రె, కుంటుతూ వెనకబడేది, అన్నిటినీ పక్కకు తీసి అంగట్లో అమ్ముతారు. ఉన్న మేత పనికొచ్చే వాటికే దక్కాలి. ఏరినవాణ్ణి ఎవరూ తప్పుపట్టరు, ఏరనివాణ్ణే పనిమంతుడు కాదంటారు. నేను కొడుకును అలాగే పెంచాను. పైగా ఆ కంప్యూటరు మిర్యాలగూడలో ఒక బియ్యం మిల్లు వాళ్లు వాడి వదిలేస్తే కొన్నది. కోదాడలో కంప్యూటర్లు బాగుచేసే ఆయన జాగా కోసం కొత్త సామాను వేయించమంటే, ఉన్నది సర్దుకుందాం అని మేమే ఊరుకున్నాం. వాడు మాకు మేలు చేస్తున్నాననే అనుకున్నాడు. గొర్రెను ఏరినట్టే ఏరాడు.

బస్టాండు వెనక నెట్ సెంటరు ఉంది. నడిపే ఆయన జగ్గయ్యపేట వైపు వాడు, మర్యాదస్తుడు. పిల్ల ఫైలు పేరు చీటీ మీద రాసిచ్చింది. ఎండలో ఆ కాలుతో తిరగడం ఎందుకని నేనే పోయాను.

“ఇది దొరుకుతుందండి మామ్మగారూ. కూర్చోండి” అని తెల్లవారుజామున పాలు పితికినంత నిదానంగా అది దిగేదాకా చూసి, ఫ్లాపీలో వేసిచ్చాడు. సంతోషంగా తెచ్చాను. పిల్ల దాన్ని చెప్పిన చోట పెట్టి మళ్లీ తెరిచింది. అదే బూడిద డబ్బా. లోపల పేరు మాత్రం వేరు.

“ఇప్పుడు ఇంకోటి లేదంటున్నది అమ్మమ్మా. నువ్వు తెచ్చినదానికి ఇది కావల్నంట.”

మళ్లీ పోయాను. అది కూడా దొరికింది. దానికి ఇంకొకటి కావాలంది. ఒక చుట్టాన్ని పిలిస్తే ఆయన, మా వాళ్లు వస్తే గాని భోజనానికి కూర్చోను అన్నట్టుంది. మూడోసారి పోయినప్పుడు ఆ నెట్ సెంటరాయన చాలాసేపు వెతికి తల అడ్డంగా ఊపాడు.

“ఇది ఈ తెలుగు ప్రోగ్రాం చేసినవాళ్ల సొంత ఫైలండి. బయట దొరకదు. ఇదే ప్రోగ్రాం ఉన్న ఇంకో సిస్టం నుంచి తెచ్చుకోవాలి. మీ అమ్మాయి నేర్చుకున్న చోట ఉండొచ్చేమో అడగండి.”

పేటకు బయల్దేరాం. సూర్యాపేటను మేము పేట అనే అంటాం. ఫ్లాపీకి ఎండ తగిలితే, ఇనుము రాసుకుంటే పాడవుతుందని పిల్ల భయపడుతుంటే, గుడ్డలో చుట్టి నా రవిక ముడి దగ్గర దోపుకున్నాను. హైదరాబాదు రోడ్డు మీద లారీలు ఆగి బస్సు ఎక్కడికక్కడ నిలబడింది. పిల్ల కిటికీ వైపు తిరిగి కూర్చుంది. నిలబడ్డ ప్రతిసారీ ఆమె పెదవులు ఏదో లెక్కపెడుతున్నట్టు కదిలేవి.

ఇన్‌స్టిట్యూటు సారు పిల్లను మరిచిపోలేదు. నేర్చుకునే పిల్లలు వరసగా కూర్చుని టకటక కొడుతున్నారు. సంగతి విని ఆయన నవ్వలేదు, అది నాకు నచ్చింది.

“ఒక ఫైలును ఒక్క ప్రోగ్రామే వాడుకోదమ్మా. నాలుగు ప్రోగ్రాములు కలిసి వాడుకుంటాయి. ఎవరికి వారు విడిగా పెట్టుకుంటే జాగా దండగని అలా చేస్తారు. ఒకదాన్ని తీసేటప్పుడు, మిగతావాళ్లు వాడుతున్నారో లేదో మెషీనుకు ఒక్కోసారి సరిగా తెలవదు. అందుకే మనల్ని అడుగుతది” అని నా వైపు చూసి చెప్పాడు.

నాకు విడమర్చి చెప్పాల్సిన పని లేదు. మాలో చిన్న మందల వాళ్లు మూడు నాలుగు ఇళ్లు కలిసి ఒక్క విత్తనపు పొట్టేలును పెట్టుకుంటారు. అది ఒకరి దొడ్లో ఉంటుంది, అందరి మందకూ తిరుగుతుంది. ఆ దొడ్డివాడు గొర్రెలు అమ్ముకుని పోతూ దాన్ని కూడా తోలుకుపోతే, ఆ రోజు ఎవరికీ ఏమీ తెలియదు. ఈత కాలం వచ్చాక మిగతా ఇళ్లల్లో గొర్రెపిల్ల కనిపించదు. అప్పుడు మొత్తుకుంటారు. నా కొడుకు ఆ వాడకంలోనే పుట్టి పెరిగాడు. దొడ్లో అయితే ఒకటికి రెండుసార్లు అడిగి తోలేవాడు.

సారు ఫైలు వేసిచ్చాడు గాని, “మీది పాత ప్రోగ్రాం, మాది కొత్తది. కుదురుతదో లేదో చెప్పలేను. కుదరకపోతే నీ పేపర్లు ఫ్లాపీలో పట్టుకురా, ఇక్కడ ఎట్లనో తెరుద్దాం” అన్నాడు.

పిల్ల చుట్టూ కూర్చున్న పిల్లలను చూసింది. “వద్దు సార్. అవి ఎవరు సూడొద్దు.”

“నువ్వు చెప్పినట్టే కానీ” అన్నాడు.

కోదాడ చేరి ఆ ఫైలు పెట్టింది. బూడిద డబ్బా రాలేదు. పిల్ల నా చెయ్యి పట్టుకుంది. తెర మీద ప్రోగ్రాం బొమ్మ సగం వచ్చి, ఇంకో డబ్బా వచ్చింది. ఇది వేరే రకంది. ఫైలు ఉంది గాని, దాని లోపల తాను వెతికేది లేదంటుంది.

“పేరు అదే అమ్మమ్మా. లోపల వేరే.”

అని బల్ల మీద తల పెట్టేసింది. భుజాలు కదలలేదు, ఏడుపు వినిపించలేదు. ఏడ్చి ఉంటే ఏదో ఒకటి అనేదాన్ని. వీధిలో బతుకమ్మ పాట మైకులో పెట్టారు. నేను షట్టరు సగం దించాను.

“పెద్దసారుకు చెప్పేస్తే ఏమైతది? టీచర్లు మల్ల రాసిస్తరు” అన్నాను.

“రాసిస్తరు. ఇంకో షాపుకు ఇస్తరు. మామ తాళం అడుగుతడు. మనం చిలుకూరు పోతం. గాడ నేనేం చేస్త? గొర్లెంబడి నడుస్తనా?”

ఆ చివరి మాట నా మొహం చూసే అంది. గొర్రెల వెంట నడవలేని పిల్లకు మా ఇళ్లల్లో పని ఏముంది? ఇల్లు ఊడవడం, వచ్చినవాళ్లకు నీళ్లివ్వడం, అందరి పిల్లలనూ ఎత్తుకోవడం. మా అక్క అలాగే ముసలిదయిపోయింది. ఆమెను మేము ప్రేమగానే చూసుకున్నాం. కాని ఒక పండుగకు ఏ చీర కావాలని ఎవరూ ఆమెను అడగలేదు, నేను కూడా.

మిర్యాలగూడలో ఆ కంప్యూటరు అమ్మిపెట్టి, తెలుగు ప్రోగ్రాం వేసిచ్చిన ఆయన ఒకడున్నాడు. మిల్లుల్లో కంప్యూటర్లు చూస్తాడు. శనివారమంతా ఫోను చేసినా ఎత్తలేదు. ఆదివారం పొద్దున్నే ఎత్తాడు. మాడుగులపల్లిలో అత్తగారింటికి పోయి ఇప్పుడే వచ్చానన్నాడు.

“సీడీ నా దగ్గరనే ఉంది. మొత్తం మల్ల ఎక్కిస్తె అయిపోతది. గని ఫోన్ల అయ్యేది కాదు. డబ్బా పట్టుకొని రాండ్రి.”

“సీడీ బస్సులో పంపుతవా అన్నా?” అని పిల్ల అడిగింది.

“ఒక్కటే ఉంది చెల్లె, దానితోనే బతుకుతున్న. అది పోతె మిల్లులన్ని నా ఇంటి మీదికొస్తయి.”

ఫోను పెట్టి పిల్ల మడిగె గడప మీద కూర్చుంది. గడప దాటకూడదని ఆమె మాట ఇచ్చిన డబ్బా వెనకనే ఉంది. ఆమె లేవకపోతే నేను లేచాను. చలికాలం కప్పుకునే గొంగడి తీసి పరిచాను. పిల్ల నన్ను చూసి వైర్లు ఊడపీకింది. ఇద్దరం కలిసి ఆ ఇనుప డబ్బాను గొంగడిలో మూటకట్టాం.

హుజూర్‌నగర్ మీదుగా పోయే బస్సులో అది నా ఒళ్లోనే ఉంది. మఠంపల్లి వైపు నుంచి వచ్చే సిమెంటు లారీల దుమ్ముకు గొంగడి తెల్లబడింది. కండక్టరు వచ్చి మూటను వేలితో పొడిచాడు.

“అవ్వా, ఏందిది, మేకపిల్లనా? టికెట్ కొట్టాల్నా?”

“కొట్టు. మేత మెయ్యదు, మెత్తగ కూడ ఉండదు. నీ ఇష్టం.”

“మరేం జేస్తది?”

“మనుషులను తిప్పుతది” అన్నాను.

బస్సులో వాళ్లు నవ్వారు. పిల్ల నవ్వలేదు. ఆమె చెయ్యి మూట ముడి మీదే ఉంది.

మిర్యాలగూడలో ఆయన ఇంటి ముందు గదిలోనే పని చేస్తాడు. చుట్టూ విప్పిన డబ్బాలు, వైర్లు. గొంగడి చూసి, ఉన్నితో చుట్టకూడదని, అది రాసుకుని కరెంటు పుట్టి లోపలి సామాను కాలుతుందని కసిరాడు. డబ్బా పెట్టి మీట నొక్కితే తెర వెలిగింది. ఊపిరి వదిలాను. సీడీ వేశాడు. లోపల గిర్రుమని తిరిగి తిరిగి ఆగిపోయింది. తీసి అంగీకి తుడిచి మళ్లీ వేశాడు. మళ్లీ ఆగిపోయింది.

“గీతలు పడ్డయి. ఎన్ని మిల్లులు తిరిగిందో ఇది.”

“ఇంకోటి లేదా?” అన్నాను.

“లేదవ్వా.”

పిల్ల గోడకు ఆనుకుని నిలబడింది. ఆయనకు జాలేసిందో, పట్టుదల వచ్చిందో, పక్కనున్న ఇంకో కంప్యూటరులో సీడీ పెట్టి, అది చదవగలిగినంత చదివించి, వైరు వేసి మా దాంట్లోకి మార్చాడు. మధ్యాహ్నమంతా అలాగే గడిచింది. ఆయన భార్య మాకు అన్నం పెడతానంటే, కట్టుకొచ్చామని రొట్టె చూపించాను గాని ఇద్దరం ముట్టలేదు. చివరికి ప్రోగ్రాం తెరుచుకుంది. పోయిన ఫైళ్లన్నీ దేని చోటుకు అది వచ్చి కూర్చున్నాయన్నాడు.

“ఏదన్న ఒక పేపరు తెర్వు చెల్లె, సూద్దాం.”

నేను అడ్డం పోయాను. “సారూ, నువ్వు జర మొఖం అటు తిప్పుకో.”

“అవ్వా, నాకు డిగ్రీ అయిపోయింది. బడిపిల్లల పరీక్ష నేనేం రాస్త?”

“నువ్వు రాయవు. తిప్పుకో.”

నవ్వుతూ కుర్చీ తిప్పుకున్నాడు. పిల్ల ఒక పేపరు తెరిచింది. తెర నిండా పురుగులు పాకినట్టు గీతలు, చుక్కలు, మధ్యమధ్య ఇంగ్లీషు అక్షరాలు. ఒక్క తెలుగు అక్షరం లేదు. పిల్ల గొంతులోంచి ఒక చప్పుడు వచ్చింది. అలాంటిది నేను అంతకు ముందు ఆమె నోట వినలేదు.

“అక్షరాలు పోయినయి అన్నా.”

“పోలే. ఫాంట్లు కలవక అట్ల కనపడ్తున్నయి. ఏది కలవలేదో నేను సూడాల్నమ్మా. సూడకుంట ఎట్ల సరిజేస్త?”

పిల్ల నా వైపు చూసింది. నేను తలుపు వైపు చూశాను. కాసేపటికి ఆమే, “సూడన్నా” అంది.

ఆయన కుర్చీ ఇటు తిప్పి, వరస వెంట వరస చూస్తూ ఒక్కొక్కటి మార్చాడు. పురుగులు పోయి, మెల్లగా ప్రశ్నలు బయటికొచ్చాయి. ఏడో తరగతి సాంఘికశాస్త్రం. నదులు, పంటలు, రాజులు. ఆయన చదివాడో లేదో నాకు తెలియదు. చదవకుండా సరిచేయడం ఎవరికైనా సాధ్యమా? ఆ ఒక్క పేపరు సరి కాగానే మిగతావన్నీ వాటంతటవే సరవుతాయన్నాడు. వాటిని తెరవలేదు.

ఆదివారం దీపాలు పెట్టే వేళకు కోదాడ చేరి, కరెంటు ఉండగానే అన్నీ అచ్చు తీసింది. కాగితాలు వెచ్చగా బయటికొస్తుంటే వాటిని పక్కకు పేర్చడం నా పని. ఆ కాసేపే నేను దేవుణ్ణి ఏమీ అడగలేదు.

సోమవారం పొద్దున ఇద్దరం బడికి పోయాం. పెద్దసారు తన గదిలో కూర్చోబెట్టి, కవరు విప్పి ఒక్కొక్క పేపరూ తిప్పి చూశాడు. ఆయన కృష్ణానదికి అవతలి వాడు, మెత్తగా మాట్లాడతాడు.

“చాలా శుభ్రంగా చేశావమ్మా. తప్పులు కూడా లేవు. ఎవరూ చూడలేదు కదా?”

అందరినీ అడిగే మాటే అడిగాడు. ఆయన కళ్లు కాగితాల మీదే ఉన్నాయి. కాదనడానికి ఎదురుగా ఎవరూ లేరు. మిర్యాలగూడ ఆయన ఈ ఊరు రాడు, ఈ బడి పిల్లలెవరో కూడా ఆయనకు తెలియదు. పిల్ల నోరు తెరవబోతుంటే బల్ల కింద నా చేత్తో ఆమె మోచెయ్యి గట్టిగా నొక్కాను. జీవితంలో అబద్ధమాడిన పిల్లలను వాతలు తేలేలా కొట్టినదాన్ని. ఆ పూట మాత్రం నా వేళ్లు, చెప్పకు, చెప్పకు అన్నాయి.

ఆమె నా చెయ్యి తీసి పక్కన పెట్టింది.

“ఒకాయన సూసిండు సార్. మెషీన్ ఖరాబైతే మిర్యాలగూడ తీస్కపోయినం. ఏడో తరగతి సోషల్ ఆయన ముందు తెరిసిన. మిగిలినయి తెరువలే.”

ఆయన తల ఎత్తాడు.

“గడప దాటించొద్దన్నాను కదమ్మా.”

“అన్నరు సార్.”

“పాడైనప్పుడు నాకు చెప్పాల్సింది.”

“భయమైంది సార్.”

ఏడో తరగతి పేపరు ఒక్కటీ పక్కకు తీసి, దాన్ని మళ్లీ రాయిస్తానన్నాడు. మిగతావి బీరువాలో పెట్టి తాళం వేశాడు. “నిజం చెప్పావు, సంతోషం. కానీ నేను తల్లిదండ్రులకు జవాబు చెప్పుకోవాలి. నా మాట కూడా నిలవాలి కదా. ఈ పనికి ఇవ్వాల్సింది ఇచ్చేస్తాను. ఇక ముందు పని సంగతి చెప్పలేను.” అని నా వైపు తిరిగి, “మీరేమీ అనుకోకండి పెద్దమ్మా” అన్నాడు. అనుకోవడానికి ఏముంది? ఆయన చెప్పినదాంట్లో తప్పు వెతికాను, దొరకలేదు.

కొడుకు విన్నాక కట్టె పట్టుకుని దొడ్డి దగ్గరే నిలబడ్డాడు. “నేను తీసింది ఎవ్వరు వాడనిదే అవ్వా. అదే చెప్పింది గద” అన్నాడు. నేను విత్తనపు పొట్టేలు సంగతి చెప్పాను. మరుసటి రోజు వాడు నాతో చెప్పకుండా బడికి పోయి, తీసేసింది నేనే, పిల్లది తప్పు కాదని పెద్దసారుతో చెప్పి వచ్చాడట. ఎవరు తీసినా పేపరు బయటికి పోయింది కదయ్యా అని ఆయన అన్నాడట. వాడు అది కూడా నాకు చెప్పలేదు. కోడలు చెప్పింది. పురుగుమందులాయనకు మాట ఇచ్చాడు కాబట్టి పండుగ పోగానే తాళం ఇచ్చాడు. మాట తప్పమని నేను అడగలేదు. అడగాలని నోటిదాకా వచ్చింది.

చిలుకూరు ఇంట్లో కంప్యూటరు పెట్టాం. ఊరికి టైపింగు ఎవరికి కావాలి? పిల్ల రోజూ దాని మీది గుడ్డ తీసి తుడిచి మళ్లీ కప్పేది. చలి మొదలయ్యే రోజుల్లో పేట సారు కబురు పెట్టాడు. ఇన్‌స్టిట్యూటులో నేర్పడానికి మనిషి కావాలి, జీతం తక్కువ, రోజూ రావాలి అని. చిలుకూరు నుంచి కోదాడకు ఒక బస్సు, కోదాడ నుంచి పేటకు ఇంకో బస్సు. రెంటిలోనూ నిలబడే పోవాలి. వద్దనమని కోడలు నాకు సైగ చేసింది. నేను టిఫిను డబ్బా కట్టాను.

మొదటి రోజు కోదాడ దాకా నేనూ పోయాను. పేట బస్సు వచ్చేదాకా ఇద్దరం నిలబడ్డాం. ఎదురుగా మా మడిగె కనిపిస్తూ ఉంది. పచ్చ రంగు వేశారు, పైన పురుగుమందుల డబ్బా బొమ్మ గీశారు. పిల్ల అటు చూడటం లేదు, అందుకే మనసు అక్కడే ఉందని నాకు తెలుసు.

“అమ్మమ్మా, ఆ రోజు చెప్పకుంటే బాగుండు అనిపిస్తదా నీకు?”

అబద్ధం చెప్పడానికి మనసొప్పలేదు.

“అనిపిస్తది” అన్నాను.

“నాకు కూడ” అంది. బస్సు ఆగింది. మోకాలి మీద చెయ్యి పెట్టి, ఇంకో చేత్తో కమ్మీ పట్టుకుని ఎక్కింది. జనం మధ్యలో ఆమె తల కనిపించలేదు. బస్సు కదిలాక, నేను చిలుకూరు బస్సు కోసం రోడ్డు దాటాను.